కాలువ బందైన నెలలో నీళ్ల వంతు

వంటింటి గోడకు వేలాడే క్యాలెండర్‌లో కొన్ని తారీఖుల కింద మా ఆయన నీలం పెన్నుతో చిన్నగా "నీ" అని రాసేవాడు. నీళ్లు అని. ఆ రోజు సాయంత్రం ఆఫీసు నుంచి వచ్చి, చొక్కా మార్చుకుని, బండి మీద గరిడేపల్లి దగ్గర వాళ్ల ఊరికి వెళ్లేవాడు. పొలానికి నీళ్లు పెట్టి అక్కడే పడుకుని, తెల్లారాక సూర్యాపేటకు తిరిగొచ్చేవాడు. మోకాలి ఆపరేషన్ అయినప్పటి నుంచి మామయ్య గట్ల మీద నడవలేడు. మూడెకరాల వరి. పిల్లకాలువ నీళ్లు పక్క పొలం వాళ్లకు ఒక రాత్రి, మాకు ఒక రాత్రి. పది రోజుల పాటు ఇలా రోజు విడిచి రోజు వెళ్లేవాడు, తర్వాత కొన్నాళ్లు ఉండేది కాదు. పెద్దకాలువకు పైనుంచి కొన్ని రోజులు నీళ్లు వదిలి మళ్లీ ఆపుతారని చెప్పాడు. అది నిజమే. ఆయన చెప్పినదాంట్లో చాలా భాగం నిజమే, అందుకే నాకు ఆలస్యంగా తెలిసింది.

నేను మిర్యాలగూడలో రైసు మిల్లుల పక్కన పెరిగాను. మా నాన్న మిల్లులో గుమస్తా. వడ్లను బస్తాల్లో చూశాను తప్ప పొలంలో చూసింది తక్కువ. నీళ్ల వంతు అంటే అదేదో కష్టమైన పని అని తెలుసు, అంతే. ఆయన మీద జాలిపడేదాన్ని. చపాతీలు చేసి డబ్బాలో పెట్టేదాన్ని. గట్ల మీద పాములుంటాయని భయం కాబట్టి పెద్ద టార్చిలైటును మధ్యాహ్నం నుంచే చార్జింగ్ పెట్టి, నాలుగు గీతలూ వెలిగాక తీసి బ్యాగులో వేసేదాన్ని. మొదట్లో గమనించలేదు కానీ, తర్వాత ఒక నెలలో పొద్దున ఆయన వచ్చాక చూస్తే నాలుగు గీతలూ అలాగే ఉండేవి. మంచి టార్చి కొన్నాడు అనుకున్నాను.

ఊళ్లో పడుకుని వచ్చిన రోజు ఆయన ఇంకో మనిషిలా ఉండేవాడు. సాయంత్రం వస్తూ వస్తూ మిర్చి బజ్జీలు తెచ్చేవాడు. పాపను తనే ఎత్తుకుని తిప్పి, తనే అన్నం తినిపించి, తొందరగా నిద్రపుచ్చేవాడు. నా చేతిలోంచి గిన్నెలు లాక్కుని "జర కూసో, నేను తోముతా" అనేవాడు. పెళ్లయి ఆరేళ్లయ్యాక మళ్లీ ఇలా చూసుకుంటున్నాడని నాలో నేనే సిగ్గుపడ్డాను. ఒక రాత్రి దూరంగా ఉంటే మనిషి విలువ తెలుస్తుందేమోనని, ఆ నీళ్ల వంతుకు లోపల్లోపల దండం కూడా పెట్టుకున్నాను. ఇప్పుడు ఇది రాస్తుంటే ఆ సిగ్గు గుర్తొస్తోంది. అన్నిటికంటే దానికే ఎక్కువ ఏడుపొస్తోంది.

రెండో బిడ్డ గురించి మేం ముందే మాట్లాడుకున్నాం. మా పాప పుట్టినప్పుడు అత్తమ్మ మూడో రోజుకు గానీ ఆసుపత్రికి రాలేదు. వచ్చి, తలుపు దగ్గరే నిలబడి "తండ్రి పోలికేనా" అని అడిగి, పని ఉందని వెళ్లిపోయింది. ఆ రోజు నుంచి నాకు ఒక బెదురు. అందుకని పాప బడికి అలవాటు పడ్డాక, డాబా మీద బట్టలు తీస్తూ మా ఆయనను అడిగాను.

"మల్ల ఆడపిల్లే పుడితే ఏం జేస్తరు?"

"ఏం జేస్త, పెంచుత. ఎవరైతే ఏంది?" అన్నాడు.

"నిజంగనా?"

"నేనేమన్న పాతకాలపోణ్ణా? నీకు ఎప్పుడనిపిస్తే అప్పుడే అనుకుందాం. పరేషాన్ గాకు."

ఆ మాట పట్టుకునే నేను సరేనన్నాను. ఎవరైతే ఏంది. ఆ రెండు మాటలు నాకు ఎంత ధైర్యమిచ్చాయో చెప్పలేను. నేను ప్రతిదానికీ భయపడే మనిషిని. గ్యాస్ కట్టేశానా లేదా అని సగం దారిలోంచి వెనక్కి వస్తాను. అలాంటి నాకు ఈ ఒక్క విషయంలో భయం పోయింది.

ఆ యాసంగి పంటకాలంలో ఒక సాయంత్రం నాన్న ఫోన్ చేశాడు. పాప బడి ముచ్చట్లు అయ్యాక, "అల్లుడు ఏం జేస్తుండు బిడ్డా?" అన్నాడు.

"ఊరికి పోయిండు నాన్నా. పొలానికి నీళ్లు పెట్టనీకి."

"బోరు ఏపిచ్చిన్రా?"

"లే, కాలువ నీళ్లే."

నాన్న నవ్వాడు. "ఏ కాలువనే? కాలువ బంద్ వెట్టి ఇరవై దినాలైతుంది గదా. యాడనో గండి వడ్డదని రిపేరు జేస్తున్నరు. మిల్లుకాడికొచ్చే రైతులంత గదే మొత్తుకుంటున్నరు, పొట్టకొచ్చిన పంట ఎండుతుందని. మీ ఆయన ఏమన్న బిందెలతోటి పోస్తుండా?"

నేను నవ్వలేదు. పక్క నుంచి అమ్మ గొంతు వినపడింది. "నీకెందుకయ్యా ఆళ్ల పొలం ముచ్చట, ఇటియ్యి" అని ఫోన్ లాక్కుంది. "ఏందో బోరుంటది లేవే. మగోళ్లకు వంద పనులుంటయ్. నువ్వు తిన్నవా? ఏం కూర?"

మా అమ్మకు ఏదైనా దాచాలనిపిస్తే కూర గురించి అడుగుతుంది. నాకు చిన్నప్పటి నుంచి తెలుసు. కానీ ఆ క్షణం నా బుర్ర అమ్మ మీదికి పోలేదు. ఇరవై రోజులు. క్యాలెండర్ దగ్గరికి వెళ్లి చూశాను. ఆ ఇరవై రోజుల్లో "నీ" మూడు సార్లు ఉంది.

ఇంకో ఆడమనిషి ఉంది అనుకున్నాను. పెళ్లయిన ఏ ఆడదైనా ముందు అదే అనుకుంటుంది. మర్నాడు పాపను బడి మాన్పించి మిర్యాలగూడ బస్సెక్కాను. దారిపొడుగునా నేను ఆలోచించింది ఒకటే, నాన్నకు ఎలా చెప్పాలి అని. నాన్న మిల్లుకు వెళ్లాక, అమ్మ వంకాయలు కోస్తుంటే ఎదురుగా కూర్చుని చెప్పాను. చెప్తూనే ఏడుపొచ్చింది.

అమ్మ కత్తిపీట పక్కకు పెట్టింది. "పిచ్చిదానా, గంత దూరం పోయినవా? ఎవతీ లేదు. ఆళ్లమ్మ కాడనే పంటుండు. నేను సెప్తున్న గదా."

"నీకెట్ల తెలుసు?"

అమ్మ వంకాయ ముక్కలను ఉప్పునీళ్లలోకి నెట్టింది. చాలాసేపు వాటినే కలిపింది.

"బేసి రోజులల్ల ఇంట్ల పండొద్దని పోతుండు. అంతే. నీ మంచికే."

మొదట నాకు ఊపిరి వచ్చింది. నిజం రాయాలంటే, ఇంకో మనిషి లేదన్న సంతోషం ఒక నిమిషం పాటు ఉంది. ఆ నిమిషం తర్వాత అమ్మ చెప్పిందంతా మెల్లగా లోపలికి దిగింది.

అత్తమ్మకు ఎవరో బంధువులావిడ చెప్పిన లెక్క అది. నెలసరి మొదటి రోజును ఒకటి అనుకుంటే, ఎనిమిది, పది, పన్నెండు, పద్నాలుగు, పదహారు రోజులు మగపిల్లాడికి. మధ్యలోవి ఆడపిల్లకు. సరి రోజుల్లో మొగుడు ఇంట్లో ఉండాలి, బేసి రోజుల్లో ఉండకూడదు. మొదటి రెండు నెలలు నిజంగానే నీళ్ల వంతు ఉందట, లెక్కకు వంతు కలిసొచ్చింది. తర్వాత కాలువ బందైంది. ఆయన వంతు మాత్రం ఆగలేదు.

లెక్క సరిగ్గా ఉండాలంటే మొదటి రోజు సరిగ్గా తెలియాలి. దేవుడి అలమర దగ్గర నేను దీపం పెట్టకపోతే మా ఆయనకు ఇంట్లో తెలిసిపోతుంది. కానీ ఏ పూట అన్నది తెలియదు. సంధ్య దీపాలు పెట్టాక అయితే మర్నాటి లెక్కలోకి వస్తుందట. ఆ సంగతి ఆయన అడిగితే నాకు అనుమానం వస్తుంది. అందుకని అత్తమ్మ మా అమ్మను అడిగింది. మూడు నెలలుగా మా అమ్మ ప్రతిసారీ ఫోన్‌లో అడిగింది, "ఎప్పుడైంది? పొద్దుగాలనా, దీపాలు వెట్టినంకనా? మస్తుగైతుందా?" నాకు రక్తం తక్కువ కాబట్టి అడుగుతోంది అనుకున్నాను. ఖర్జూరాలు తినమని చెప్పేది కూడా. తిన్నాను.

"నువ్వు జెప్పినవా అమ్మా? నా తారీఖులు ఆళ్లకు నువ్వు జెప్పినవా?"

"మీ అత్త అడిగింది, సెప్పిన. తప్పేముంది? పక్కింటోళ్లకు సెప్పిన్నా?"

"డిగ్రీల నేను సదివింది గిదే గదనే. పిల్ల అయితదా, పిలగాడైతడా అనేది మగమనిషి నుంచి వచ్చేదాన్ని బట్టి ఉంటది. రోజును బట్టి ఉండదు."

"నీ సదువు నాకు జెప్పకు. ఇద్దరాడపిల్లలను గన్నదాన్ని నేను. మీ నాయనమ్మ నన్ను పెద్ద పండుగనాడు కూడ కొత్త చీర కట్టుకోనియ్యలే, నువ్వేం సాధించినవని. అయ్యన్ని నువ్వు పడొద్దనే జేసిన."

"నాకు జెప్పి చేయొచ్చు గదా."

అమ్మ నా ముఖంలోకి సూటిగా చూసింది. "సెప్తే ఒప్పుకుంటవా?"

ఒప్పుకునేదాన్ని కాదు. వాళ్లందరికీ అది తెలుసు. నేను ఒప్పుకోనని తెలిసి, నన్ను వదిలేసి మిగతా ముగ్గురూ ఒప్పుకున్నారు. నా ఒంటి విషయం మీద.

సూర్యాపేటకు తిరిగొచ్చాను. మా ఆయనతో గొడవపెట్టుకోలేదు. గొడవపెడితే నాన్నకు తెలుస్తుంది, నాన్న ఆ వయసులో అమ్మతో మాట్లాడటం మానేస్తాడు, ఇలా ఏవేవో ఊహించుకుని ఆగిపోయాను. ఇంకో కారణం కూడా ఉంది. ఆయనంతట ఆయన చెప్తాడేమో అని చూశాను. నాలుగు రోజుల తర్వాత, ఊరి నుంచి వచ్చి పళ్లు తోముకుంటుంటే అడిగాను.

"కాలువల నీళ్లెట్లున్నయ్?"

"మస్తున్నయ్" అన్నాడు బ్రష్ నోట్లోనే పెట్టుకుని.

"కట్టలు తెగేటట్టు వస్తున్నయా?"

"అంత గాదుగని, ఈసారి బాగనే ఇడిసిన్రు."

ఉమ్మేసి, నీళ్లు పుక్కిలించి, తువ్వాలుతో ముఖం తుడుచుకుని నా వైపు చూసి నవ్వాడు. ఎంత మామూలు నవ్వు! పాప పుట్టకముందు నుంచీ నాకు తెలిసిన నవ్వే. అబద్ధం చెప్పేటప్పుడు మనిషి ముఖం ఏదో ఒకలా మారుతుందని అనుకునేదాన్ని. మారదు.

ఆ తర్వాతి నెల సోమవారం పొద్దున, పాపకు జడ వేస్తుండగా నాకు నెలసరి వచ్చింది. బాత్రూంలో కాసేపు నిలబడ్డాను. మళ్లీ స్నానం చేసి, తడి జుట్టుతో వెళ్లి దేవుడి అలమర ముందు దీపం పెట్టాను. పదమూడేళ్ల వయసు నుంచి ఆ రోజుల్లో ఎప్పుడూ ఆ పని చేయలేదు. అగ్గిపుల్ల రెండుసార్లు ఆరిపోయింది. మా ఆయన బూట్లు వేసుకుంటూ చూశాడు. చూడాలనే పెట్టాను. సాయంత్రం కూడా పెట్టాను. మర్నాడు, మంగళవారం పొద్దున పెట్టలేదు. అమ్మ ఫోన్ చేసినప్పుడు చెప్పాను, "ఇయ్యాల పొద్దుగాలనే అయింది."

ఒక రోజు తర్వాతికి జరిపాను. ఇక వాళ్ల సరి నా బేసి అవుతుంది.

వద్దని చెప్పొచ్చు కదా అని ఎవరైనా అడగొచ్చు. ఇంకో బిడ్డ నాకూ కావాలి. ఆ బిడ్డ ఎలా వస్తుందన్నదాంట్లో నాకూ ఒక మాట ఉండాలని మాత్రం అనిపించింది. ఇంకా లోపలి సంగతి రాయాలంటే, ఆడపిల్ల పుట్టాలని కోరుకున్నాను. ఆ లెక్కలో నిజం లేదని నా చదువుకు తెలుసు. అయినా దాని ప్రకారమే ఆడపిల్ల పుట్టాలని కోరుకున్నాను. పుట్టాక, "ఇదిగో మీ సరి, ఇదిగో మీ బేసి" అని వాళ్ల ముందు పెట్టాలనుకున్నాను. అప్పుడు వాళ్లలో ఎవరో ఒకరు తలదించుకుని, తప్పయింది అంటారని. నాకు కావలసింది అదొక్కటే. ఎవరో ఒకరు ఆ మాట అనాలి.

ఆ నెలే నిలిచింది. తొమ్మిది నెలలూ నేను ఆ బిడ్డను ఒక రుజువు లాగా మోశాను. స్నానం చేస్తూ, బియ్యం ఏరుతూ, ఆసుపత్రిలో చెప్పాల్సిన వాక్యాన్ని కంఠతా పట్టాను. ఏ తల్లీ అలా మోయకూడదు. ఇప్పుడు వాడి గుండె మీద చెయ్యి వేసి ఊపిరి ఆడుతుందో లేదో గంటకోసారి చూసుకుంటాను. అది ప్రేమో, చేసిన దానికి భయమో నాకే తెలియదు.

కొడుకు పుట్టాడు.

సూర్యాపేటలో ఒక ప్రైవేటు దవాఖానలో, ఆపరేషన్ చేసి తీశారు. మత్తు పూర్తిగా దిగకముందే అత్తమ్మ గొంతు వినపడింది. ఈసారి మూడో రోజు దాకా ఆగలేదు, ముందు రోజే వచ్చి వరండాలో కూర్చుంది. "నేను జెప్పలే? లెక్క తప్పితే గదా!" అని నర్సుకు చెప్తోంది. నర్సుకు ఏం అర్థమైందో కానీ "స్వీటేదమ్మా" అంది. కళ్లు తెరిచాను. మంచానికి ఒకవైపు అత్తమ్మ, ఇంకోవైపు మా అమ్మ, కాళ్ల దగ్గర మా ఆయన. నా మీదుగా ముగ్గురూ ఒకరినొకరు చూసుకుని నవ్వుకున్నారు. పని సరిగ్గా అయ్యాక కూలివాళ్లు చూసుకున్నట్టు. నేను కంఠతా పట్టిన వాక్యం పనికిరాకుండా పోయింది. ఇప్పుడు దాన్ని ఎవరు వింటారు? వాళ్ల లెక్క తప్పు అని నాకు మాత్రమే తెలుసు. చెప్పినా, కొడుకు ఒళ్లో ఉన్నప్పుడు ఆడదాని ఏడుపును ఎవరూ పట్టించుకోరు.

మిర్యాలగూడలో అమ్మ దగ్గర ఉన్న మూడు నెలలూ ఎదురుచూశాను. అమ్మ ఒంటికి నూనె రాసింది, వెల్లుల్లి కారం చేసి పెట్టింది, బాబును నిమిషం కూడా కింద పెట్టలేదు. ఒక్కసారి మాత్రం నేనే తెచ్చాను ఆ మాట. "ఇంకా మనసుల వెట్టుకున్నవా?" అని ఆశ్చర్యపోయింది. "సూడు, బంగారమసొంటోడు. ఇంకేం గావాలె నీకు?"

తిరిగి సూర్యాపేట వచ్చాను. వానాకాలం కోతలయ్యాక అత్తమ్మ వచ్చి వారం రోజులు మా ఇంట్లో ఉంది. పాప అప్పుడే బడిలో అంకెలు నేర్చుకుంటోంది. ఒకరోజు నా దగ్గరికి వచ్చి అడిగింది.

"మమ్మీ, నేను బేసినా?"

"ఎవరన్నరు?"

"నాయనమ్మ. తమ్ముడు సరి రోజు పిలగాడంట. నేను బేసి రోజు పిల్లనంట. బేసి అంటే మంచిదా, చెడ్డదా?"

హాల్లోంచి అత్తమ్మ నవ్వింది. "ఊకె పరాచికానికన్న పిల్లా. గదానికేమైతది?"

ఒకటి, మూడు, ఐదు, ఏడు అన్నీ మంచి అంకెలే అని పాపకు చెప్పాను. తలూపింది కానీ నమ్మలేదు. ఆ సాయంత్రం పలక మీద తన వయసు ఐదు అని రాసి, తుడిచేసి, ఆరు అని రాసుకుంది.

ఆ వారంలోనే కోదాడ నుంచి వదిన ఫోన్ చేసింది. వదిన అంటే మా ఆయన అక్క. ఆమెకు ఇద్దరు ఆడపిల్లలు, పెద్దది పదో తరగతి. రెండు కాన్పులూ ఆపరేషన్లే. రెండోసారి ప్రాణం మీదికి వచ్చింది, ఇంకోసారి వద్దని డాక్టరమ్మ గట్టిగా చెప్పింది. ఆ సంగతి మా ఇంట్లో అందరికీ తెలుసు. ఫోన్‌లో వదిన గొంతు తగ్గించి, "బాబును తీసుకుని ఒక ఆదివారం రామ్మా, వెండి మొలతాడు చేయించాను. ఇంకా నీతో ఒక పని కూడా ఉంది. అమ్మ చెప్పింది లే, నువ్వయితే లెక్క బాగా చెప్తావంట" అంది.

ఆ రోజు సాయంత్రం మా ఆయన బండి తుడుస్తుంటే వెళ్లి పక్కన నిలబడ్డాను.

"నాకు అంత తెలుసు. నీళ్లు, సరి, బేసి, మా అమ్మ తారీఖులు చెప్పుడు, అంత."

ఆయన చెయ్యి ఆగింది. "ఎవరు చెప్పిన్రు?"

"మా అమ్మనే. కాలువ బంద్ అయినప్పుడే తెలిసింది."

"మరి గప్పుడే అడగకపోయినవ్?" అని మళ్లీ తుడవడం మొదలుపెట్టాడు. "అమ్మ పోరు పెట్టింది, ఊ అన్న. గంతే. ఇప్పుడెందుకు అయ్యన్ని? మంచే అయింది గదా."

"ఆ నెల నేను తారీఖు తప్పు చెప్పిన. సోమవారం అయింది. మంగళవారం అని చెప్పిన. సోమవారం నాడు దీపం కూడ పెట్టిన, మీరు చూసిన్రు."

ఆయన పెదవులు కదిలాయి. వేళ్ల మీద లెక్కపెట్టుకుంటున్నాడు, నా ముందే. పన్నెండు, పదమూడు. లెక్క పూర్తయ్యాక ముఖం ఎర్రబడింది.

"అంటే నన్ను మోసం జేసినవా?"

ఆ మాట నాది. రెండేళ్లుగా నా నోట్లో నానుతున్న మాట. ఆయన దాన్ని ఎంత సులువుగా తీసుకుని నా మీదే వేశాడు!

"అమ్మకు చెప్పకు" అన్నాడు గుడ్డ పిండుతూ. "అక్కకైతే అసలే చెప్పకు. పాపం ఆశ పెట్టుకుంది."

"ఆమెకు డాక్టరమ్మ వద్దన్నది."

"అది ఆళ్ల ఇష్టం. మనకెందుకు?"

ఆదివారం ఇద్దరు పిల్లలతో కోదాడ వెళ్లాను. ఆయన పని ఉందని రాలేదు. వదిన భోజనం పెట్టి, మొలతాడు కట్టి, బాబును ముద్దాడి, పిల్లలు నలుగురినీ ముందు గదిలోకి పంపి తలుపు దగ్గరికి వేసింది. దిండు కింది నుంచి ఒక చిన్న క్యాలెండర్ తీసింది. అందులో అప్పటికే కొన్ని తారీఖులకు సున్నాలు చుట్టి ఉన్నాయి.

"ఇదిగో, మొదటి రోజు నుంచి లెక్కపెట్టాలా, తలస్నానం చేసిన రోజు నుంచా? అమ్మ ఒకసారి అట్లా, ఒకసారి ఇట్లా చెప్తుంది. నువ్వు చేసినట్టే చెప్పమ్మాయ్, నేను అట్లాగే చేస్తా. మీ అన్నయ్యకు కూడా చెప్పలేదు ఇంకా."

మీ అన్నయ్య అంటే ఆమె భర్త. మా ఇంట్లో నాకు చెప్పలేదు, ఈ ఇంట్లో ఆయనకు. ముందు నవ్వొచ్చింది, తర్వాత ఆ సున్నాలు చూశాను. కొన్నిటిని కొట్టేసి పక్క తారీఖుకు మళ్లీ చుట్టింది. ఆమెకు ముప్పై ఎనిమిదేళ్లు.

"వదినా, నేనేం చెయ్యలేదు. నాకు తెలియకుండ చేసిన్రు" అన్నాను. మొత్తం చెప్పాను. కాలువ, మా అమ్మ, దీపం, సోమవారం, మంగళవారం. "మీ లెక్క ప్రకారం వీడు ఆడపిల్ల కావాలె. లెక్క ఉత్తదే. దాని కోసం నువ్వు కడుపు కోయించుకోకు."

వదిన నమ్మలేదు మొదట. "దిష్టి తగులుతుందని అట్లా చెప్తున్నావా?" అంది. నేను పాప మీద ఒట్టు వేశాను. అప్పుడు క్యాలెండర్‌ను ఒళ్లో పెట్టుకుంది. ముందు గదిలో ఆమె చిన్నకూతురు మా బాబుకు ఏదో పాట పాడుతోంది.

"ఇదంతా మా తమ్ముడికి తెలుసా? నువ్వు రోజు మార్చినట్టు?"

"చెప్పిన. మూడు రోజులైంది."

"మూడు రోజులా?" వదిన క్యాలెండర్‌ను మడిచింది. "పొద్దున ఫోన్ చేశాడమ్మా వాడు. మరదలు వస్తుంది, లెక్క మంచిగా అడిగి రాసుకో అక్కా అన్నాడు. నవ్వుతూ అన్నాడు."

ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకోలేకపోయాం. బస్టాండుకు ఆమే వచ్చింది, బాబును ఎత్తుకుని. బస్సు కదిలే ముందు కిటికీలోంచి వాణ్ణి అందిస్తూ, "నీతో చేసింది తప్పేనమ్మా. నాతో కూడా" అంది. రెండేళ్లు ఎదురుచూసిన మాట అది. చెప్పాల్సిన ముగ్గురిలో ఎవరూ చెప్పలేదు. ఏ పాపమూ తెలియని మనిషి, కోదాడ బస్టాండులో, హారన్ల మధ్య చెప్పింది. అన్నవాళ్లు వేరైనందుకు ఆ మాట నాకు సగమే అందింది.

ఇంటికొచ్చాక ఆయన అడిగాడు, "చెప్పినవా అక్కకు?"

"చెప్పిన."

"ఇంట్ల ఎవ్వల్ని నమ్మేటట్టు లేదు" అన్నాడు. దిండు తీసుకుని హాల్లోకి వెళ్లాడు. తప్పయింది అని మాత్రం అనలేదు. ఇప్పటికీ అనలేదు.

ఇది జరిగి నెల దాటింది. మళ్లీ యాసంగి. ఈ రాత్రి ఆయన ఊళ్లో ఉన్నాడు, పిల్లలిద్దరూ పడుకున్నారు, నేను ఇది రాస్తున్నాను. క్యాలెండర్‌లో ఇవాళ్టి తారీఖు కింద "నీ" అని ఉంది. సాయంత్రం నాన్నకు ఫోన్ చేసి, ఊరికే అడిగినట్టు అడిగాను, కాలువ వస్తోందా అని. "వస్తుంది బిడ్డా, నిండుగ వస్తుంది" అన్నాడు. ఇక నాకు అనుమానించడానికి ఏ కారణమూ లేదు. ఆయన నిజంగానే చలిలో గట్టు మీద నిలబడి ఉండి ఉంటాడు.

మధ్యాహ్నమే టార్చి చార్జింగ్ పెట్టి, నాలుగు గీతలూ వెలిగాక బ్యాగులో వేశాను. రేపు పొద్దున ఆయన స్నానానికి వెళ్లగానే దాన్ని బయటికి తీసి ఎన్ని గీతలున్నాయో చూస్తాను.